లేగకుర్రు

ప్రాణహిత రెండు పాయలైన చోట
ఎనిమిది నెలలు దీవి, నాలుగు నెలలు ఊరు.
మాది గట్లుండేది.

హోళీ దాటినంక తూర్పు పాయ ఎండేది.
సిరొంచ సంతకు ఇసుకల నడిచిపోయేటోళ్లం,
చెప్పులు చేతుల పట్టుకొని.
నడుమ ఒక్కచోట మోకాలిమట్టం నీళ్లు.
అక్కడ మా నాయనమ్మ గట్టుబాయి ఆగి, మొకం కడుక్కొని
"ఇగో, నది ఇదే. మంచిగ చూసుకో,
ఆషాఢంల గుర్తుపట్టవు" అనేది.

పేరెట్ల వచ్చిందంటే,
ఏ ఏడో ఎవరికీ తెల్వదు, పెద్ద వరద.
అడవి డిపో నుంచి కొట్టుకొచ్చిన టేకు మొద్దుమీద
ఒక లేగ నిలబడి వచ్చిందట.
మూడు రోజులు అరిచిందట.
వెతుక్కుంట వచ్చిన గొల్ల ఓదెలు
దాన్ని తోలుకపోవుడు మరిచి
ఇసుకల పుచ్చగింజలు పెట్టిండట.
నాయనమ్మ చెప్పినప్పుడల్లా లేగ రంగు మారేది.
ఒకసారి ఎర్రది. ఒకసారి కపిల.
ఒకసారి, జ్వరంల, తెల్లగ దూదిలెక్క.

తెల్లోని కాలంల గొలుసు పట్టుకొని మున్షీ వచ్చిండు.
పడవ దిగంగనే బురదల కాలు దిగబడ్డది.
ఆ కోపంలనే ఊరి పేరడిగిండు.
"లేగకుర్రు" అన్నరు.
"లేకరూ" అని రాసుకున్నడు.
మరాఠీల లేకరూ అంటే పసిబిడ్డ.
ఎవ్వరూ దిద్దలేదు,
దిద్దెటంత తప్పేమున్నదని.

ఆయన లెక్కల రెండు వందల పన్నెండెకరాలు.
తర్వాతి కొలతల నూట తొంబై.
నేను తలాఠీ దగ్గర కోత్వాల్‌గ చేరిన ఏడు
టేపు ఇంకో కొస నా చేతిల ఉండె:
నూట నలభై ఆరు.
అందుల పదకొండు
జాడి లచ్చుమయ్య నడుముల్లోతు నీళ్లల్ల నిలబడి
"ఇదీ నాదే, రాయి" అని రాయించినవి.

కుర్రు నడుస్తది.
ఉత్తరాన విరుగుతది, దక్షిణాన పెరుగుతది.
తాత పెట్టిన ఈతచెట్టు అప్పట్ల ఊరి నడుమ ఉండెనట,
నేను పుట్టేటాళ్లకు ఒడ్డుకు,
మా చెల్లె పెండ్లికి ముందటేడు నదిల.
చెట్టు ఎటూ పోలేదు.
మేమే, ఇండ్లు విప్పుకొని, వాసాలు భుజాన పెట్టుకొని
దక్షిణానికి జరిగినం.

బడిల మరాఠీ, పొయ్యికాడ తెలుగు,
కోపమొస్తే రెండూ.
పడమటి ఒడ్డున మేనత్తది వేరే రాష్ట్రం.
ఆ రాష్ట్రం పేరు మారింది గని
మేము ఇంకా "ఆంధ్రకు పోయొస్తం" అనే అంటం.
అత్త గూడ దిద్దదు. ఉల్లిగడ్డలు మూటగట్టి పంపుతది.

ఇప్పుడు కింద బరాజ్ ఉన్నది.
నీళ్లు వెనక్కి వచ్చి నిలబడ్డయి,
చుట్టమొచ్చి పోనట్టు.
హోళీ దాటింది. శ్రీరామనవమి దాటింది.
పాయ ఎండలేదు.
నిన్న సంతకు పడవల పోయిన.
నాయనమ్మ మొకం కడుక్కున్న చోట
తెడ్డుకు అడుగు అందలేదు.

పందొమ్మిది ఇండ్లు. పరిహారం ఫారాలు నా సంచిల ఉన్నయి.
ఒక గడిల అడుగుతున్నరు:
భూమి ఎల్లకాలముండేదా, కొన్నాళ్లదా.
లచ్చుమయ్య నా మొకం చూసిండు, నేను ఆయన మొకం.
"ఆ పదకొండు మరువకు" అన్నడు.
గడి ఖాళీగనే పెట్టిన.

ఇయ్యాల పొద్దుగాల ఉత్తరపు మొనకు పోయిన,
ఎప్పుడూ విరిగే దిక్కు.
నీళ్ల నుంచి కొత్త ఒండ్రు లేచింది,
మంచమంత. తడి ఆరలేదు.
సాత్‌బారాల దానికి నంబరు లేదు.
దానిమీద చిన్న చిన్న డెక్కల గుర్తులు,
వచ్చినవే ఉన్నయి, పోయినవి లేవు.
ఎవరిదో మేక కావచ్చు, ఈదుకొచ్చి,
మళ్ల నీళ్లల్లకే దిగి పోయిందేమో.

నాయనమ్మ ఉంటే రంగు చెప్పేది.